ప్రశ్న అడిగే మనిషి, లెటర్ రాసే మనిషి

(శాసనసభ ప్రతివేదకుల విభాగంలో పనిచేసి పదవీ విరమణ పొందిన ఒకరు తిరుపతిలో రాజనీతిశాస్త్ర విద్యార్థుల ముందు చేసిన ప్రసంగ పాఠం)

అధ్యాపకులకు, విద్యార్థులకు నమస్కారం.

ఒక శాసనసభ్యుడి జీవితం, వృత్తి గురించి మాట్లాడమని మీ శాఖాధిపతి గారు అడిగినప్పుడు, నేను ఏనాడూ ఎమ్మెల్యేను కాను, ఏ ఎమ్మెల్యేకూ బంధువును కాను, నాకు ఏం అర్హత ఉందని అడిగాను. "వాళ్ల మాటలు రాసిన చెయ్యి కదండీ మీది, అది చాలు" అన్నారు. నిజమే. స్పీకర్ పోడియానికి ముందు, సభ్యుల వరుసలకు మధ్య, ఒక బల్ల ఉంటుంది. టీవీలో చూసినప్పుడు అక్కడ తల వంచుకుని రాసుకుంటూ కనిపించే మనుషులం మేము. కొద్ది నిమిషాలు ఒకరు రాస్తారు, తర్వాతి వారు వచ్చి ఆ కుర్చీలో కూర్చోగానే లేచి వెళ్లి, రాసుకున్న షార్ట్‌హ్యాండును తెలుగు చేసి టైపుకు ఇస్తారు. సభలో కేకలు పెరిగినప్పుడు ఎవరు ఏమన్నారో చెవిలో పట్టుకోవడమే మా ఉద్యోగం. హైదరాబాదులో మొదలైన నా ఉద్యోగం, 2017 మార్చిలో శాసనసభ వెలగపూడికి మారాక అక్కడే ముగిసింది. పుట్టింది మాత్రం ఇక్కడికి దగ్గరలోనే, పాకాల పక్కన ఒక పల్లెలో. అందువల్ల మన ప్రాంతపు సభ్యుడు మాట్లాడటానికి లేచినప్పుడు, నియమం ప్రకారం నేను తల ఎత్తకూడదు గానీ, చెవి మాత్రం కొంచెం ఎక్కువగా నిక్కబొడుచుకునేది.

శాసనసభ్యుడి జీవితం ఎన్నికతో మొదలవుతుందని మనం అనుకుంటాం. సభలో కూర్చున్న మాకు మాత్రం అది ఒక ప్రమాణంతో మొదలవుతుంది. రాజ్యాంగం 188వ అధికరణం ప్రకారం ప్రతి సభ్యుడూ తన స్థానంలో కూర్చునే ముందు ప్రమాణం చేయాలి. ఎన్నో ఏళ్లు వీధుల్లో మైకు పట్టుకుని గంటలకొద్దీ మాట్లాడిన మనిషి, తన పేరు చెప్పి "అను నేను" అనేసరికి గొంతు వణకడం నేను చాలాసార్లు విన్నాను. ఆ ప్రమాణంలో రోడ్డు వేయిస్తానని గానీ, పెన్షను ఇప్పిస్తానని గానీ, ఉద్యోగి బదిలీ ఆపిస్తానని గానీ ఒక్క మాట ఉండదు. రాజ్యాంగం పట్ల విశ్వాసం, విధేయత చూపుతానని, దేశ సార్వభౌమాధికారాన్ని, సమగ్రతను కాపాడతానని, చేపట్టబోయే కర్తవ్యాన్ని శ్రద్ధతో నిర్వహిస్తానని మాత్రమే ఉంటుంది. ఆ కర్తవ్యం ఏమిటో రాజ్యాంగమే చెబుతుంది: చట్టాలు చేయడం, ప్రభుత్వం ఖర్చు పెట్టే ప్రతి రూపాయికీ ఆమోదం ఇవ్వడం లేదా నిరాకరించడం, మంత్రులను సభకు జవాబుదారీగా ఉంచడం. ఈ మూడింటిలో ఏ ఒక్కదాని కోసమైనా మన ఊళ్లో ఎవరైనా ఎమ్మెల్యే ఇంటికి వెళ్లడం మీరు చూశారా? నేనైతే చూడలేదు.

ఎమ్మెల్యే ఇంటి ముందు ఒక ఉదయం ఎలా ఉంటుందో చెబుతాను. ఒకసారి సెలవుపై ఊరికి వచ్చినప్పుడు, మన జిల్లాలోని ఒక సభ్యుడి ఇంటికి వేరే పని మీద వెళ్లి, రెండు గంటలు వరండాలో కూర్చోవలసి వచ్చింది. ఆయన పేరు ఇక్కడ అనవసరం, ఎందుకంటే ఏ పార్టీ సభ్యుడి వరండా అయినా అలాగే ఉంటుంది. ఆరున్నరకే జనం వచ్చి ఉన్నారు. ట్రాన్స్‌ఫార్మర్ కాలిపోయిందని ఇద్దరు రైతులు, భర్త చనిపోయినా వితంతు పెన్షను రావడం లేదని ఒకామె, కొడుకు మీద స్టేషనులో కేసు పెట్టారని ఒక తండ్రి, కూతురి పెళ్లిపత్రిక తీసుకుని ఒక కుటుంబం. ఒక మూలన పీఏ కుర్చీ వేసుకుని కూర్చున్నాడు. అతని ముందు ఎమ్మెల్యే పేరు, గుర్తు ముద్రించిన లెటర్ ప్యాడ్ ఉంది. మిగతా అందరి సంగతి ఒక ఎత్తు, ఆ ప్యాడ్ చుట్టూ మూగినవారి సంగతి ఒక ఎత్తు. "అన్నా, బెంగళూరు నుంచి మా వియ్యంకులు వచ్చినారు, రేపు కొండకు పోవల్ల, ఒక లెటర్ ఇప్పించున్నా" అని ఒకరు. "మా ఆఫీసర్ ఫ్యామిలీ సార్, బ్రేక్ దర్శనమే కావాలంట" అని మరొకరు. ఎవరికి ఏ తేదీ, ఎంతమంది, ఆధార్ నంబర్లు, అన్నీ ఒక నోటుబుక్కులో రాసుకుంటూ, ఒకరికి అవునని, ఇద్దరికి రేపని చెప్పలేక ఆ పీఏ చెమటలు కక్కుతున్నాడు.

తిరుపతి వాళ్లకు ఈ సంగతి నేను చెప్పనక్కరలేదు. రాష్ట్రంలో మరే జిల్లా ఎమ్మెల్యేకైనా సిఫారసు లేఖలు ఉంటాయి, కానీ కొండ కింద ఉన్న ఎమ్మెల్యేకు అవి ఊపిరి ఆడనివ్వనంతగా ఉంటాయి. లేఖ తీసుకుని ముందురోజే పైకి వెళ్లి దేవస్థానం కార్యాలయంలో ఇవ్వాలి, మంజూరైతే సాయంత్రానికి ఫోనుకు కబురు వస్తుంది, మంజూరు కాకపోతే ఆ కుటుంబం అయిదేళ్లపాటు ఎమ్మెల్యేను తిడుతుంది. బ్రహ్మోత్సవాలకు, వైకుంఠ ఏకాదశికి లేఖలు చెల్లవని దేవస్థానం ప్రకటించినప్పుడు, ఈ చుట్టుపక్కల ఎమ్మెల్యేలు లోలోపల ఊపిరి పీల్చుకుంటారని నా అనుమానం.

ఇక్కడే నేను చెప్పదలచుకున్న అసలు విషయం ఉంది. ఆ లేఖ ఏ దేవాలయం కోసమో, ఆ దేవాలయ పాలన మొత్తం ఒక చట్టం మీద నడుస్తోంది. ఆ చట్టాన్ని, అంటే 1987 నాటి 30వ చట్టమైన దేవాదాయ చట్టాన్ని, శాసనసభే చేసింది. పాలకమండలి ఎలా ఏర్పడాలి, నిధులు ఎలా ఖర్చు కావాలి, కార్యనిర్వహణాధికారి అధికారాలేమిటి అన్నవన్నీ శాసనసభ్యులు చేతులెత్తి ఆమోదించిన విషయాలే. వాటిని మార్చగలిగేది కూడా వాళ్లే. అంటే క్యూలైను ఎలా ఉండాలో నిర్ణయించే చట్టాన్ని సవరించగల మనిషిని మనం తీసుకొచ్చి, ఆ క్యూలో ఆరుగురిని ముందుకు పంపే కాగితం రాయమని కూర్చోబెట్టాం. ఇందులో ఆయన తప్పు ఎంతో, మన తప్పు అంతకంటే కొంచెం ఎక్కువే.

ఈ సంగతి కొత్తది కాదు. మన ఉమ్మడి చిత్తూరు జిల్లా శాసన చరిత్రలో దేవాలయానికీ చట్టసభకూ ఉన్న సంబంధం నూరేళ్ల నాటిది. శ్రీకాళహస్తిలో 1866లో పుట్టిన పానగంటి రామారాయణింగారు, మనందరికీ పానగల్లు రాజాగా తెలిసినవారు, 1921 నుంచి 1926 వరకు మద్రాసు ప్రెసిడెన్సీకి ప్రధానమంత్రిగా, అంటే ఈనాటి ముఖ్యమంత్రి స్థానంలో, ఉన్నారు. చెన్నైలో టీ నగర్‌కు వెళ్లినవాళ్లు పానగల్ పార్కు పక్కనుంచి నడిచే ఉంటారు, ఆ పేరు ఈయనదే. అప్పటికి ఓటు హక్కు ఆస్తి, పన్ను లెక్కల మీద కొద్దిమందికే ఉండేది. ఆ పరిమితుల్లోనే, ఆయన పార్టీ అయిన జస్టిస్ పార్టీ ప్రభుత్వ కాలంలో, 1921లో, స్త్రీలకు కూడా పురుషులతో సమానమైన షరతులపై ఓటు ఇవ్వాలని మద్రాసు శాసన మండలి, అంటే అప్పటి చట్టసభ, తీర్మానించింది. దేవాలయాల ఆస్తులు ఎవరి చేతుల్లో ఉన్నాయి, వాటి లెక్కలు ఎవరు చూస్తారు అన్న ప్రశ్నను చట్టంగా మార్చిన మనిషి పానగల్లు రాజా. 1922లో ఆయన తెచ్చిన హిందూ దేవాదాయ బిల్లు మీద సభలోనూ బయటా పెద్ద గొడవ జరిగి, చివరకు అది 1925లో చట్టమైంది. మఠాధిపతులు, ధర్మకర్తలు, భూస్వాములు, స్వయంగా ఆయన పార్టీవాళ్లలో కొందరు, అందరూ అడ్డుపడ్డారు. తిరుమలలో 1843 నుంచి హాథీరాంజీ మఠం మహంతుల చేతిలో ఉన్న పాలన, ప్రత్యేక చట్టం ద్వారా 1933లో కమిటీ చేతికి వచ్చింది. అది కూడా ఆయన తర్వాత మద్రాసు మండలి చేసిన పనే. కొండమీద ఉత్తరం పని చేయాలంటే ముందు కొండ కింద చట్టం ఉండాలి.

ఇదే పానగల్లు రాజాకు ఎదురుగా నిలబడినవారు కూడా మన జిల్లావారే. చిత్తూరు పక్కన కట్టమంచిలో 1880లో పుట్టిన రామలింగారెడ్డి గారిని మీరు కవిగా, సాహిత్య విమర్శకుడిగా, ఆంధ్ర విశ్వవిద్యాలయ వైస్ ఛాన్సలర్‌గా చదువుకుని ఉంటారు. ఆయన శాసనసభ్యుడు కూడా అన్నది చాలామంది మరిచిపోతారు. జస్టిస్ పార్టీలోనే ఉండి, పానగల్లు రాజా అధికారమంతా తన చుట్టూ తిప్పుకుంటున్నారని విభేదించి బయటకు వచ్చిన రామలింగారెడ్డి, 1923 నవంబర్ 27న మంత్రివర్గంపై అవిశ్వాస తీర్మానం పెట్టారు. మద్రాసు మండలి చరిత్రలో అది తొలి అవిశ్వాస తీర్మానం. ఓట్లు లెక్కించినప్పుడు ప్రభుత్వానికి అనుకూలంగా 65, తీర్మానానికి 44 వచ్చాయి. తీర్మానం వీగిపోయింది, ప్రభుత్వం నిలిచింది. ఒక్క నిమిషం ఈ దృశ్యాన్ని ఊహించుకోండి. మద్రాసులో, ఇంగ్లీషు గవర్నరు నీడలో, కాళహస్తి మనిషి ప్రభుత్వాన్ని నడుపుతుంటే, చిత్తూరు మనిషి లేచి ఆ ప్రభుత్వంపై నమ్మకం లేదంటున్నాడు. ఇద్దరూ స్వర్ణముఖి, నీవా నదుల నీళ్లు తాగి పెరిగినవాళ్లే.

ఆ తర్వాత జరిగింది నాకు ఇంకా ఇష్టం. విద్యామంత్రి ఎ.పి. పాత్రో ప్రవేశపెట్టిన ఆంధ్ర విశ్వవిద్యాలయ బిల్లు చట్టమై, 1926లో విశ్వవిద్యాలయం ఏర్పడినప్పుడు, దానికి తొలి వైస్ ఛాన్సలర్‌గా వచ్చినది ఆ అవిశ్వాస తీర్మానం పెట్టిన రామలింగారెడ్డే. అప్పటికింకా పానగల్లు రాజా ప్రభుత్వమే ఉంది. సభలో నన్ను కూలదోయబోయిన మనిషిని నేను ఎందుకు గౌరవించాలని అప్పటి పాలకులు అనుకోలేదు. ఈ ఇద్దరి గురించి ఇంతసేపు ఎందుకు చెప్పానంటే, ఎమ్మెల్యే వృత్తి అంటే ఏమిటో నాకు అర్థమైన మేరకు ఆ 1923 నవంబర్ రోజులోనే ఉంది. ఒకరు చట్టం చేశారు, మరొకరు లేచి నిలబడి నిలదీశారు. వాళ్లు ఎవరికైనా సిఫారసు లేఖలు రాసే ఉంటారు, కాదనను, కానీ మనం వాళ్లను గుర్తుపెట్టుకున్నది వాటి వల్ల కాదు.

ఇప్పుడు మన కాలానికి వద్దాం. శాసనసభ్యుడు కావడానికి వయసు 25 నిండాలి, శాసనమండలికైతే 30. ఓటుకు 18 చాలు, 1989కి ముందు అది కూడా 21. మీలో చాలామంది ఇప్పటికే ఓటర్లు, ఇంకో నాలుగైదేళ్లలో పోటీ చేయగలిగినవాళ్లు. నామినేషనుకు డిపాజిట్ రూ.10,000, ఎస్సీ, ఎస్టీ అభ్యర్థులకు అందులో సగం. పోలైన చెల్లుబాటు ఓట్లలో ఆరోవంతుకు మించి రాకపోతే అది పోతుంది. మన రాష్ట్రంలో ఒక అసెంబ్లీ అభ్యర్థి చట్టప్రకారం ఖర్చు పెట్టగలిగింది రూ.40 లక్షలు. అసలు ఖర్చు ఎంతో మీకూ తెలుసు, నాకూ తెలుసు, ఆ లెక్క నేను ఏ రికార్డులోనూ రాయలేదు కాబట్టి ఇక్కడ చెప్పను. నామినేషనుతో పాటు ఆస్తులు, అప్పులు, పెండింగు కేసుల వివరాలతో ప్రమాణపత్రం ఇవ్వాలి. దాన్ని ఎవరైనా చదవవచ్చు. ఊళ్లో గోడమీద రాతలు చదివే ఓపికలో సగం ఆ ప్రమాణపత్రం చదవడానికి పెడితే బాగుండునని నాకు చాలాసార్లు అనిపించింది.

గెలిచిన తర్వాత ఈ వృత్తి ఎంత నిలకడ లేనిదో చెప్పడానికి మన జిల్లా ఉదాహరణలు చాలు. 1978లో చంద్రగిరి నుంచి గెలిచి, ముప్పై ఏళ్ల వయసులోనే మంత్రి అయిన నారా చంద్రబాబు నాయుడు 1983లో అదే చంద్రగిరిలో ఓడిపోయారు. 1989లో కుప్పానికి మారితే గానీ మళ్లీ సభకు రాలేదు. పుత్తూరు నుంచి 1983లో మొదలుపెట్టి ఆరుసార్లు గెలిచి, మంత్రిగా కూడా పనిచేసిన గాలి ముద్దుకృష్ణమ నాయుడు 2014లో నగరిలో ఓడిపోయింది 858 ఓట్ల తేడాతో. ఆరుసార్లు గెలిచిన మనిషిని 858 ఓట్లు ఇంటికి పంపాయి. ఒక పెద్ద పల్లెలో ఉండే ఓట్ల కంటే అవి తక్కువ. ఆ తర్వాత ఆయన మండలికి వచ్చారు, మండలిలో కూడా ఆయన వెటకారం రాయడానికి మా చేతులు ఆగేవి కావు, ఎందుకంటే ముందు నవ్వు ఆపుకోవాలి, తర్వాత రాయాలి.

ఇంకొక ప్రమాదం కూడా ఉంది, అది ఓటమి కంటే విచిత్రమైనది. నియోజకవర్గమే మాయమైపోవడం. 2008 పునర్విభజనతో ఉమ్మడి చిత్తూరు జిల్లాలో 15 స్థానాలు 14 అయ్యాయి. వాయల్పాడు, పుత్తూరు, వేపంజేరి పోయాయి, గంగాధర నెల్లూరు, పూతలపట్టు కొత్తగా వచ్చాయి. వైద్యురాలిగా ఉండి రాజకీయాల్లోకి వచ్చిన గుమ్మడి కుతూహలమ్మ వేపంజేరి నుంచి ఎన్నోసార్లు గెలిచి, మంత్రిగా, డిప్యూటీ స్పీకర్‌గా కూడా చేశారు. తెల్లారి లేస్తే ఆమె స్థానం మ్యాపులో లేదు. 2009లో గంగాధర నెల్లూరుకు వెళ్లి, అక్కడ గెలిచి మళ్లీ వచ్చారు. ఆమె స్పీకర్ కుర్చీలో కూర్చున్న రోజుల్లో సభ్యులు ఎంత అరిచినా, ఆస్పత్రిలో రోగి బంధువులతో మాట్లాడినట్లు, గొంతు పెంచకుండా "కూర్చోండి, కూర్చోండి" అనేవారు.

తిరుపతి స్థానానిది మరీ వింత కథ. 1983లో ఎన్.టి. రామారావు తిరుపతిలోనూ, గుడివాడలోనూ గెలిచి, గుడివాడను ఉంచుకున్నారు, తిరుపతికి ఉపఎన్నిక వచ్చింది. 2009లో చిరంజీవి పాలకొల్లులో ఓడి తిరుపతిలో గెలిచారు, 2012లో ఆయన రాజ్యసభకు వెళ్లడంతో మళ్లీ ఉపఎన్నిక. 2014లో గెలిచిన వెంకటరమణ ఆ ఏడాదే చనిపోవడంతో 2015లో మూడోది, అందులో ఆయన భార్య సుగుణ లక్షకు పైగా ఆధిక్యంతో గెలిచారు. ఒక వ్యక్తి రెండు స్థానాలకు మించి పోటీ చేయకూడదన్న నియమం 1996లోనే వచ్చింది, అంతకు ముందు ఎన్నింటికైనా చేయవచ్చు. ఈ ఊరివాళ్లు ఎన్నికల సిరాచుక్కకు అలవాటు పడినట్లు బహుశా రాష్ట్రంలో ఎవరూ పడి ఉండరు.

సరే, అంత కష్టపడి సభకు వచ్చిన మనిషి అక్కడ ఏం చేస్తాడు? 2003లో వచ్చిన 91వ సవరణ ప్రకారం ముఖ్యమంత్రితో కలిపి మంత్రుల సంఖ్య సభ సంఖ్యలో 15 శాతాన్ని మించకూడదు. 175 మంది ఉన్న మన సభలో అది 26. స్పీకర్, డిప్యూటీ స్పీకర్‌ను కూడా తీసేస్తే, దాదాపు నూట యాభై మంది మామూలు సభ్యులు మిగులుతారు. వాళ్ల ఓటు వాళ్ల చేతిలో ఉండదు. 1985లో రాజ్యాంగంలో పదో షెడ్యూలు, అంటే పార్టీ ఫిరాయింపుల నిరోధక చట్టం, వచ్చిన తర్వాత, పార్టీ విప్‌కు, అంటే ఇలా ఓటు వేయాలన్న పార్టీ ఆదేశానికి, విరుద్ధంగా ఓటు వేస్తే సభ్యత్వమే పోవచ్చు. అందుకే బిల్లు మీద ఓటింగు ఫలితం మాకు ముందే తెలుస్తుంది. అయినా ఒకటుంది. విప్ ఓటును కట్టేస్తుంది, ప్రశ్నను కట్టేయలేదు. అధికార పక్ష సభ్యుడైనా సరే తన ప్రభుత్వపు మంత్రిని ప్రశ్న అడగవచ్చు, అడిగినవాళ్లు ఉన్నారు.

ఆ ప్రశ్న ఎలా ఉంటుందో దగ్గరగా చూపిస్తాను, ఎందుకంటే నా ఉద్యోగ జీవితంలో నేను ఎక్కువ ప్రేమించింది ఆ కాగితాన్నే. సభ్యుడు ముందుగా నోటీసు ఇస్తాడు. నక్షత్ర గుర్తు ప్రశ్న అయితే మంత్రి సభలో నోటితో జవాబు చెప్పాలి, దానిమీద అనుబంధ ప్రశ్నలు వేయవచ్చు. నక్షత్రం లేనిదైతే రాతపూర్వక జవాబుతో సరి. భాష ఒకే మూసలో ఉంటుంది: "(ఎ) ఫలానా గ్రామానికి వంతెన లేక ప్రజలు ఇబ్బంది పడుతున్న విషయం వాస్తవమేనా? (బి) అయినచో, ప్రభుత్వం తీసుకున్న చర్యలేమిటి? (సి) కానిచో, కారణములేమి?" జవాబులు కూడా మూసలోనే ఉంటాయి. "(ఎ) అవునండి. (బి) ప్రతిపాదన పరిశీలనలో ఉన్నది. (సి) ప్రశ్న ఉత్పన్నం కాదు." ఈ "ఉత్పన్నం కాదు" అన్న మాటను నేను ఎన్ని వేలసార్లు రాశానో! మొదటి జవాబు అవును అయితే చివరి ప్రశ్న పుట్టదని దాని అర్థం. ఇంట్లో మా ఆవిడ కూరలో ఉప్పు ఎందుకు తగ్గిందని అడిగితే కూడా అదే మాట నా నోట్లోంచి వచ్చేది.

మూసలో ఉంది కదా అని ఆ కాగితాన్ని చులకనగా చూడకండి. ప్రశ్న అంగీకరించిన మరుక్షణం అది సచివాలయం నుంచి శాఖకు, శాఖ నుంచి జిల్లాకు, జిల్లా నుంచి మండలంలో ఆ వంక, అంటే వాగు, పక్కన ఉన్న అసిస్టెంట్ ఇంజనీరు దాకా వెళ్తుంది. అతను వెళ్లి చూసి, కొలిచి, రాసి పంపాలి. ఆ సమాధానం మంత్రి సంతకంతో సభ ముందుకు వస్తుంది, తెలిసి తప్పు చెబితే సభాహక్కుల ఉల్లంఘన అవుతుంది. ఒక సిఫారసు లేఖ ఆఫీసు బల్లమీద ఇతర లేఖల కింద పడి ఉంటుంది, ఎవరూ దానికి జవాబు ఇవ్వనక్కరలేదు. ప్రశ్నకు జవాబు ఇచ్చి తీరాలి. లేఖకు, ప్రశ్నకు ఉన్న తేడా అంతా ఇదే.

అసలు నేర్పు అనుబంధ ప్రశ్నలో ఉంటుంది. నిలబడగానే ఉపన్యాసం మొదలుపెట్టేవాళ్లే ఎక్కువ. స్పీకర్ "ప్రశ్నకు రండి, ప్రశ్నకు రండి" అంటూనే ఉంటారు, ఆ మాటలు కూడా మేమే రాయాలి. ఒక్క వాక్యంలో అడిగి కూర్చునేవాళ్లు తక్కువ, మంత్రులు భయపడేది వాళ్లకే. "పరిశీలనలో ఉన్నది" అన్న జవాబుకు, "ఏ తేదీ నుంచి పరిశీలనలో ఉంది?" అని అడిగితే చాలు, వెనకాల గ్యాలరీలో కూర్చున్న అధికారులు ఫైళ్లు తిరగేయడం మొదలుపెడతారు.

సభ్యుడు సభలోనే లేకపోతే ఈ నేర్పంతా వృథా. అరవై రోజులు అనుమతి లేకుండా సభకు రాకపోతే స్థానం ఖాళీ అయినట్లు సభ ప్రకటించవచ్చని 190వ అధికరణం చెబుతుంది. కానీ సమావేశాలు ముగిసి ఉన్న రోజులు, వరుసగా నాలుగు రోజులకు మించి సభ వాయిదా పడిన రోజులు లెక్కలోకి రావు, సభ జరిగే రోజులే తక్కువ కాబట్టి ఆ నిబంధన ఎవరికీ తగిలే అవకాశం దాదాపు లేదు. రెండు సమావేశాల మధ్య ఆరు నెలలకు మించి ఖాళీ ఉండకూడదన్నదే ప్రభుత్వాలకు ఉన్న గట్టి నియమం, దాన్ని మించకుండా చూసుకుంటే చాలనుకునే ప్రభుత్వాలను అన్ని రంగుల్లోనూ చూశాను. ఇక ముహూర్తాల రోజు సభ జరిగితే వరుసలు ఎలా ఉంటాయో నన్ను అడగండి. పెళ్లికి వెళ్లకపోతే ఓటు పోతుంది, సభకు వెళ్లకపోతే ఏమీ పోదు. ఎమ్మెల్యే ఈ లెక్క వేసుకోవడంలో ఆశ్చర్యం లేదు.

ఇందాక చెప్పిన వరండాకు తిరిగి వస్తాను. ఆ ఉదయం వచ్చినవారిలో ఒక పెద్దాయన ఉన్నారు. వాళ్ల ఊరికీ బడికీ మధ్య ఒక వంక ఉంది, వానాకాలంలో పిల్లలు దాటలేకపోతున్నారు, కల్వర్టు కావాలని అర్జీ. పీఏ ఎప్పటిలాగే ఆర్ అండ్ బీ ఇంజనీరుకు ఒక లేఖ రాసిచ్చాడు. ఆయన దాన్ని మడిచి జేబులో పెట్టుకుంటూ, "ఇది నాలుగో లెటర్ సామీ, ఈ వంక నీళ్ల కంటే ఎక్కువ కాయితాలే పారినాయి" అన్నారు. అప్పుడు ఎమ్మెల్యే గారు బయటకు వచ్చి, ఆ మాట విని, నవ్వి, నా వైపు తిరిగి, "మీరు అసెంబ్లీ వాళ్లు కదా, ప్రశ్నగా వేస్తే ఎట్లుంటుంది?" అని అడిగారు. ఉద్యోగిగా సభ్యుడికి ప్రశ్న రాసిపెట్టడం నా పని కాదు, రాయలేదు కూడా. ఆయన తన చేత్తో రాసిన కాగితాన్ని చూపిస్తే, ఎ, బి, సి అక్షరాల వరస మాత్రం సరిచేశాను.

తర్వాతి సమావేశాల్లో ఆ ప్రశ్న జాబితాలోకి వచ్చింది. ఆ రోజు నా వంతు. స్పీకర్ పేరు పిలిచారు. ఆ సీటు ఖాళీగా ఉంది. నియోజకవర్గంలో ఎవరిదో గృహప్రవేశం అని తర్వాత తెలిసింది. అనుబంధ ప్రశ్న అడిగేవారు లేక, మంత్రి జవాబు బల్లమీద కాగితంగానే మిగిలింది, సభ తర్వాతి ప్రశ్నకు వెళ్లిపోయింది. నా నోటుబుక్కులో అది రెండు గీతలు. ఆ ఊరి వంక మీద నేను రాసిన చరిత్ర అంతే. ఆ మాట చెప్పుకోవడానికి ఇప్పటికీ నాకు కోపంగానే ఉంటుంది.

అయితే ఆయన వదల్లేదు, ఆ మాట కూడా చెప్పాలి. మళ్లీ నోటీసు ఇచ్చారు, ఈసారి సభలో ఉన్నారు. "ప్రతిపాదన పరిశీలనలో ఉన్నది" అని మంత్రి చదివారు. ఆయన లేచి, ఉపన్యాసం లేకుండా, "ఏ తేదీ నుంచి అధ్యక్షా?" అన్నారు. మంత్రి వెనక్కి తిరిగి అధికారుల వైపు చూశారు. ఆ చూపును షార్ట్‌హ్యాండులో రాయడానికి గుర్తు లేదు. రెండేళ్ల తర్వాత కల్వర్టు కట్టారు. అది ఆ ప్రశ్న వల్లే వచ్చిందో, ఆ ఏడాది వేరే పథకంలో నిధులు వచ్చి కట్టారో నేను చెప్పలేను.

ఉద్యోగ విరమణ తర్వాత ఒకరోజు తిరుపతి బస్టాండులో ఆ పెద్దాయన కనిపించారు. కల్వర్టు బాగుందా అని అడిగాను. "బాగుండాది సామీ, పిల్లోళ్లు పోతా వస్తా ఉండారు" అన్నారు. కాసేపు ఆగి, మనవరాలికి పెళ్లి కుదిరిందని, మగపెళ్లివారిని కొండకు తీసుకెళ్లాలని, నాకు పెద్దవాళ్లు తెలుసు కదా, ఒక లెటర్ ఇప్పించగలనా అని అడిగారు. నేను ఆయనకు ప్రశ్నోత్తరాల సమయం గురించి ఏమీ చెప్పలేదు. ఫోను తీసి, ఆ పీఏ నంబరే ఇచ్చాను.